పాత క్యారమ్ బోర్డు కొనే ముందు - ఆన్‌లైన్ బేరంలో మన జాగ్రత్తలు



ఈ సంచికలో కవితలు, కథలు, మహనీయుల జీవిత విశేషాలు ఎలాగూ ఉంటాయి. మేము మాత్రం హాస్టలు జీవితంలో అందరికీ పనికొచ్చే ఒక చిన్న సంగతి రాయదలచుకున్నాం. ఆదివారం వస్తే మనకున్న వినోదం క్యారమ్స్, చదరంగం. వంద మందికి ఒక బోర్డు. ఆడేవాళ్ళు నలుగురు, చుట్టూ నిలబడి సలహాలిచ్చేవాళ్ళు ఇరవై మంది. ఆ ఒక్క బోర్డు వానకు తడిసి ఉబ్బితే సంవత్సరమంతా ఆట బంద్. పోటీలకు వాడే స్థాయి బోర్డు కొత్తది కొనాలంటే కొన్ని వేల రూపాయలు కావాలి. అందుకే ఇప్పుడు చాలా హాస్టళ్ళలో పిల్లలు తలా కొంత వేసుకుని, ఓఎల్ఎక్స్‌లోనో, ఫేస్‌బుక్ మార్కెట్‌ప్లేస్‌లోనో, వాట్సాప్ గ్రూపుల్లోనో పాత బోర్డు కోసం వెతుకుతున్నారు. ఆలోచన మంచిదే. ఎవరింట్లోనో మంచం కింద దుమ్ము పట్టిన బోర్డు మన వరండాలో పదేళ్ళు పనికొస్తుంది.

కానీ అటువైపు ఉన్నది దుకాణం కాదు, మనకు ముఖ పరిచయం లేని ఒక మనిషి. మన చేతిలో ఉన్నది ఒకరి డబ్బు కాదు, నలభై మంది తలా ముప్పై రూపాయలు వేసిన పన్నెండు వందలు. కూలికి వెళ్ళే అమ్మానాన్నలు పండక్కి ఇచ్చిన డబ్బు అది. అది పోతే బోర్డు ఒక్కటే పోదు. వసూలు చేసిన వాడి మీద నమ్మకం పోతుంది. మళ్ళీ ఎవరైనా "తలా కొంత వేద్దాం" అంటే ఎవరూ జేబులో చెయ్యి పెట్టరు. అందుకే ఈ నాలుగు మాటలు.

మన పెద్దల పద్ధతే సరైన పద్ధతి

మా ఇళ్ళలో డిగ్రీ దాకా వచ్చిన మొదటి తరం మేమే. మా నాన్నలకు ఆన్‌లైన్ అంటే తెలియదు. కానీ సంతలో ఎద్దును కొనేటప్పుడు వాళ్ళు ఏం చేస్తారో మేము చిన్నప్పటి నుంచి చూశాం. నోరు తెరిచి పళ్ళు చూస్తారు. సుడులు చూస్తారు. నాలుగడుగులు నడిపిస్తారు. వీలైతే కాడి కట్టి చూస్తారు. ఇవన్నీ అయ్యాకే బేరం, బేరం కుదిరాకే రొంటిన ఉన్న డబ్బు బయటికి వస్తుంది. చూడకుండా బేరమాడే వాడిని చూసి "గేదె నీళ్ళలో ఉండగానే బేరమా" అని నవ్వుతారు.

ఫోన్‌లో కనిపించే ఫొటో నీళ్ళలో ఉన్న గేదె లాంటిదే. కొమ్ములు మాత్రమే కనిపిస్తాయి. కుంటుతుందో లేదో తెలియదు. కాబట్టి మేము చెప్పదలచుకున్న ముఖ్యమైన మాట ఒకటే: ముందు కళ్ళు, తర్వాత చేతులు, చివర డబ్బు. ఈ వరుస మారిస్తేనే నష్టం. కింద రాసిన వివరాలన్నీ ఈ వరుసను నిలబెట్టుకోవడానికే.

వ్యక్తి దగ్గర కొంటే చట్టం ఎంతవరకు తోడుంటుంది?

కంపెనీ వెబ్‌సైటులో కొన్న వస్తువు బాగాలేకపోతే వెనక్కి పంపిస్తాం, ఫిర్యాదు చేస్తాం. వినియోగదారుల రక్షణ చట్టం 2019, దాని కింద వచ్చిన ఈ-కామర్స్ నియమాలు 2020 అక్కడ మనకు అండగా ఉంటాయి. అయితే ఆ ఈ-కామర్స్ నియమాలలోనే ఒక మినహాయింపు ఉంది. వ్యాపారంగా కాకుండా, తన సొంత హోదాలో ఎప్పుడో ఒకసారి ఏదైనా అమ్ముకునే మామూలు మనిషికి అవి వర్తించవు. అంటే ఇంట్లో ఉన్న పాత బోర్డు అమ్మే మనిషి "ఏడు రోజుల్లో వెనక్కి తీసుకుంటాను" అనే హామీ ఇవ్వనక్కర లేదు.

1930 నాటి వస్తు విక్రయ చట్టం మొదటి నుంచీ చెబుతున్న సాధారణ సూత్రం కూడా కొనేవాడే చూసుకోవాలనే. అబద్ధం చెప్పి మోసం చేసిన వాడికి ఈ సూత్రం రక్షణ కాదు. అది వేరే నేరం. కానీ మనం సరిగా చూసుకోకుండా కొన్న వంకర బోర్డుకు ఎవరూ పూచీ పడరు. కాబట్టి వ్యక్తుల దగ్గర కొనేటప్పుడు మన పరీక్షే మనకు గ్యారంటీ కార్డు.

ఫోన్‌లో ఉండగానే అడగాల్సినవి

ప్రకటన నచ్చగానే "లాస్ట్ ప్రైస్ ఎంత?" అని అడగడం అలవాటు. ధర చివర అడగండి. ముందు ఇవి అడగండి:

1. మన ఊళ్ళోనో, బస్సులో వెళ్ళి సాయంత్రానికి తిరిగి రాగలిగినంత దూరంలోనో ఉన్న అమ్మకందారుల్నే ఎంచుకోండి. ఎంత చవకైనా దూరపు ఊరి బేరం వద్దు.

2. కొత్త ఫొటోలు అడగండి. ఒక తెల్లకాగితం మీద ఆ రోజు తేదీ రాసి బోర్డు మీద పెట్టి తీయమనండి. వస్తువు నిజంగా ఉన్నవాడికి ఇది రెండు నిమిషాల పని. లేనివాడు వంద కారణాలు చెబుతాడు.

3. బోర్డు మీద టేపు పెట్టి ఫొటో తీయమనండి. పిల్లల చిన్న బోర్డు, పెద్ద బోర్డు ఫొటోలో ఒకేలా కనిపిస్తాయి.

4. బోర్డు వెనకవైపు ఫొటో తప్పకుండా అడగండి. ముందువైపు అందరూ తుడిచి తీస్తారు. చెమ్మ, చెద, విరిగిన పట్టీలు వెనక కనిపిస్తాయి.

5. ఫొటో అనుమానంగా ఉంటే గూగుల్ లెన్స్‌లో పెట్టి వెతకండి. అదే ఫొటో ఏదో దుకాణం పేజీలోనో, వేరే ఊరి ప్రకటనలోనో కనిపిస్తే అక్కడితో ఆపేయండి.

6. ఎందుకు అమ్ముతున్నారో, ఎన్నాళ్ళు వాడారో మర్యాదగా అడగండి. "సార్, మేము హాస్టలు విద్యార్థులం. వచ్చి చూసి, నచ్చితే అక్కడే డబ్బిచ్చి తీసుకెళతాం" అని మొదటే చెప్పేయండి. నిజమైన అమ్మకందారుకు ఈ మాట నచ్చుతుంది. మోసగాడికి నచ్చదు.

మాటలన్నీ రాతలో ఉండేలా చూసుకోండి. ఫోన్‌లో మాట్లాడినా తర్వాత "మీరు చెప్పినట్టు ధర ఇంత, కాయిన్లు 19, స్ట్రైకర్ 1" అని ఒక మెసేజి పెట్టండి. రేపు మాట తేడా వస్తే అదే సాక్ష్యం.

ఈ మాటలు వినిపిస్తే వెనక్కి రండి

మోసాలు చేసేవాళ్ళ కథలు కొత్తవేమీ కావు. అవే కథలు తిరిగి తిరిగి వస్తుంటాయి.

"నేను మిలటరీలో పని చేస్తున్నాను, ట్రాన్స్‌ఫర్ అయ్యింది, సామాను అమ్మేస్తున్నాను" అని ఒక గుర్తింపు కార్డు ఫొటో పంపిస్తారు. యూనిఫాం అంటే మనకున్న గౌరవాన్ని వాడుకోవడం ఇది. కార్డు ఫొటో ఎవరిదైనా కావచ్చు. సైనికుడైనా సరే, వస్తువు చూడకుండా డబ్బు పంపాల్సిన పని లేదు.

"ఇంకొకరు రెడీగా ఉన్నారు, ఇప్పుడే రెండు వందలు అడ్వాన్సు పంపితే మీకు ఉంచుతాను" అంటారు. మనల్ని ఆలోచించుకోనివ్వకుండా తొందరపెట్టడమే ఇక్కడి కిటుకు. అంత గిరాకీ ఉంటే ఆ ఇంకొకరికే అమ్ముకోనివ్వండి. ఇంకో బోర్డు దొరుకుతుంది.

"పార్సిల్ పంపించాను, కొరియర్ చార్జీ కట్టండి" అంటారు. తర్వాత గేట్ పాస్ అంటారు, తర్వాత ఇన్సూరెన్సు అంటారు. ఒకసారి కట్టిన వాడు, పోయిన డబ్బు కోసం మళ్ళీ కడతాడని వాళ్ళకు తెలుసు.

"ఈ యాప్ వేసుకోండి", "ఈ ఫైల్ తెరవండి", "స్క్రీన్ షేర్ చేయండి" అంటారు. ఒక చెక్క బోర్డు కొనడానికి మన ఫోన్‌లో కొత్త యాప్ ఎందుకు? ఓటీపీ ఎందుకు? ఈ ఒక్క ప్రశ్న వేసుకుంటే చాలు.

ధర మరీ తక్కువగా ఉన్నా అనుమానించండి. కొత్తదిలా మెరిసే పెద్ద బోర్డు రెండు వందలకే అంటే అక్కడ బోర్డు లేకపోవచ్చు.

యూపీఐ సంగతి

2016లో మొదలైన యూపీఐ వల్ల మనకు ఎంతో మేలు జరిగింది. ఇంటి నుంచి డబ్బు రావడానికి మనియార్డరు కోసం ఎదురుచూసే రోజులు పోయాయి. కానీ దీని గురించి మూడు విషయాలు ప్రతి తమ్ముడికీ నోటికి రావాలి.

మొదటిది: యూపీఐ పిన్ మన ఖాతాలోంచి డబ్బు బయటికి పంపడానికే. డబ్బు మనకు రావడానికి పిన్ కొట్టాల్సిన పని ఎప్పుడూ లేదు.

రెండవది: క్యూఆర్ కోడ్ స్కాన్ చేసేది డబ్బు ఇవ్వడానికి. "ఈ కోడ్ స్కాన్ చేస్తే మీ అడ్వాన్సు వెనక్కి వస్తుంది" అన్నవాడు మోసగాడే.

మూడవది: పిన్ కొట్టే ముందు తెర మీద కనిపించే పేరు చదవండి. ఎదురుగా ఉన్న మనిషి చెప్పిన పేరు ఒకటి, తెర మీద పేరు ఇంకొకటి అయితే ఎవరి ఖాతా అని అడగండి. "మా ఇంట్లో వాళ్ళది" అనొచ్చు, అది నిజమే కావచ్చు. సమాధానం తృప్తిగా లేకపోతే నగదు ఇవ్వండి.

ఒకప్పుడు ఎవరైనా మనకు "డబ్బు అడుగుతూ" రిక్వెస్టు పంపితే, దాన్ని వచ్చే డబ్బు అనుకుని పిన్ కొట్టి నష్టపోయినవారు చాలామంది. యూపీఐని నడిపే ఎన్‌పీసీఐ, వ్యక్తులు ఒకరికొకరు పంపుకునే ఇలాంటి రిక్వెస్టులను 2025 అక్టోబరు 1 నుంచి ఆపేయాలని బ్యాంకులకు, యాప్‌లకు ఆదేశాలిచ్చింది. అది మంచిదే. కానీ ఒక దారి మూస్తే ఇంకో దారి వెతకడం మోసగాళ్ళకు అలవాటు. కాబట్టి పై మూడు విషయాలు మరువకండి.

క్యారమ్ బోర్డును పరీక్షించడం ఎలా?

ఇక అసలు విషయానికి వద్దాం. వెళ్ళేటప్పుడు జేబులో ఒక టేపు, ఒక గట్టి దారం, వీలైతే మీ సొంత స్ట్రైకర్ తీసుకెళ్ళండి.

*కొలత:* అంతర్జాతీయ క్యారమ్ సమాఖ్య నియమాల ప్రకారం ఆడే స్థలం చతురస్రంగా, ఒక్కో వైపు 73.5 నుంచి 74 సెంటీమీటర్లు ఉండాలి. ఇది సుమారు 29 అంగుళాలు. మూలల్లో పాకెట్ల వ్యాసం 4.45 సెంటీమీటర్లు. జిల్లా స్థాయి పోటీలకు సిద్ధమయ్యే తమ్ముళ్ళు చిన్న బోర్డు మీద సాధన చేస్తే అక్కడ పెద్ద బోర్డు మీద చెయ్యి తడబడుతుంది. కాబట్టి కొలత ముఖ్యం. ఒక మూల నుంచి ఎదురు మూలకు దారం పెట్టి కొలవండి, రెండో జత మూలలకూ కొలవండి. రెండూ సమానంగా ఉంటేనే అది చతురస్రం. పదో తరగతి లెక్కలు ఇక్కడ పనికొస్తాయి.

*చదును:* బోర్డు మీద దారాన్ని మూల నుంచి మూలకు బిగించి పట్టుకుని, కళ్ళు బోర్డు మట్టానికి తెచ్చి చూడండి. దారానికీ బోర్డుకూ మధ్య సందు కనిపిస్తే మధ్యలో కుంగినట్టు. మధ్యలో దారం ఎత్తుకున్నట్టు ఉంటే ఉబ్బినట్టు. ఉబ్బిన ప్లైవుడ్ మళ్ళీ మామూలు కావడం కష్టం. ఎంత చవకైనా వద్దు. నియమాల ప్రకారం ప్లైవుడ్ కనీసం 8 మిల్లీమీటర్ల మందం ఉండాలి. పల్చటిది త్వరగా కుంగుతుంది.

*నునుపు:* దీనికి నియమావళిలోనే ఒక చక్కని పరీక్ష ఉంది. 15 గ్రాముల స్ట్రైకర్‌ను పూర్తి బలంతో కొడితే అది కనీసం మూడున్నర సార్లు అటూ ఇటూ తిరగాలి. కాస్త పౌడర్ వేసి నాలుగు వైపుల నుంచీ కొట్టి చూడండి. మూడు వైపుల నుంచి బాగా పోయి ఒక వైపు నుంచి వంకరగా పోతే బోర్డు పెట్టిన బల్ల వాలుగా ఉందేమో చూడండి. బోర్డును తిప్పి పెట్టినా లోపం బోర్డుతో పాటే తిరిగితే అది బోర్డు లోపమే.

*ఫ్రేము:* చుట్టూ ఉన్న చెక్క మీద స్ట్రైకర్ తగిలితే గట్టి శబ్దంతో తిన్నగా వెనక్కి రావాలి. డొల్ల శబ్దం వచ్చి మధ్యలోనే ఆగిపోతే ఫ్రేము వదులైనట్టు. నాలుగు మూలల కీళ్ళను చేత్తో కదిపి చూడండి. చిన్న కదలిక అయితే వడ్రంగి మేకులతో, జిగురుతో సరిచేయగలడు. ఆ ఖర్చు ధరలో తగ్గించమని అడగండి.

*వెనకవైపు:* చెక్కకు సన్నటి రంధ్రాలు, కింద రాలే పొడి కనిపిస్తే పుచ్చు పట్టినట్టు. మట్టి గీతలుంటే చెద. అలాంటిది తెస్తే మన హాస్టలు తలుపులకూ, పెట్టెలకూ పడుతుంది. ఇంకొకటి, వెనక ఏదైనా పాఠశాల పేరో, క్లబ్బు పేరో పెయింటుతో రాసి ఉంటే అది ఎలా వచ్చిందో అడగండి. సరైన జవాబు లేకపోతే కొనకండి. దొంగసొమ్మని తెలిసి కొనడం నేరం. పైగా ఆ పేరు గల పాఠశాలలో మనలాంటి పిల్లలే ఆడుకుంటుంటారు.

*కాయిన్లు:* నలుపు 9, తెలుపు 9, ఎరుపు 1, మొత్తం 19. ఒకదాని మీద ఒకటి పేర్చి నలుపు దొంతర, తెలుపు దొంతర ఒకే ఎత్తు ఉన్నాయేమో చూడండి. తేడా ఉంటే రెండు సెట్లు కలిపేశారన్నమాట. ఒక్కో కాయిన్ బరువు 5 నుంచి 5.5 గ్రాములు ఉండాలి. స్ట్రైకర్ 15 గ్రాములకు మించకూడదు. కాయిన్లు పోయినా బోర్డు మంచిదైతే బాధ లేదు, కాయిన్లు విడిగా దొరుకుతాయి. పాకెట్ల వలలు చిరిగినా, గీతలు కాస్త చెరిగినా ఫర్వాలేదు. బాగుపడేవి, బాగుపడనివి వేరుచేసి చూడటమే కొనేవాడి తెలివి.

*తీసుకురావడం:* ఫ్రేముతో కలిపి పెద్ద బోర్డు ఒక్కో వైపు సుమారు 87 నుంచి 89 సెంటీమీటర్లు ఉంటుంది. వెళ్ళే ముందే ఆటోలోనా, బస్సులోనా అనుకోండి. రవాణా చార్జీ కూడా ధరలో భాగమే. వాన రోజున తీసుకురాకండి, కనీసం ఒక ప్లాస్టిక్ పట్టా కప్పండి.

చదరంగం, స్క్రాబుల్

వరంగల్లుకు చెందిన అర్జున్ ఎరిగైసి 2024 డిసెంబరు ఫిడే జాబితాలో 2800 రేటింగు దాటాడు. గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2019లోనూ, 2024లోనూ మహిళల ప్రపంచ రాపిడ్ చాంపియన్‌గా నిలిచింది. మన హాస్టళ్ళలో చదరంగం మీద ఆసక్తి పెరిగిందంటే ఆశ్చర్యం లేదు.

పాత చదరంగం సెట్టు కొనేటప్పుడు అడగాల్సిన ఫొటో ఒక్కటే: పావులన్నీ ఆట మొదలుపెట్టేటప్పుడు ఉండే గళ్ళలో నిలబెట్టి తీసినది. ఒక్కో వైపు రాజు, మంత్రి, రెండు ఏనుగులు, రెండు గుర్రాలు, రెండు శకటాలు, ఎనిమిది బంట్లు కలిపి 16, మొత్తం 32. ఏ గడి ఖాళీగా ఉన్నా వెంటనే తెలుస్తుంది. డబ్బాలో కుప్పగా పోసిన ఫొటో చూసి కొనకండి. పోటీల్లో వాడే సెట్టులో రాజు ఎత్తు సుమారు 9.5 సెంటీమీటర్లు, గడి 5 నుంచి 6 సెంటీమీటర్లు ఉంటుంది. చేతికి వచ్చాక గుర్రాల చెవులు, రాజు తలమీది గుర్తు విరిగాయేమో చూడండి. పావును చెవి దగ్గర ఊపితే లోపల గలగలమంటే బరువు ఊడినట్టు. నలుపు బంటు ఒకటి పొడవు, ఒకటి పొట్టి అయితే సెట్లు కలిసినట్టు.

ఇంగ్లీషు మాటలు నేర్చుకోవడానికి స్క్రాబుల్ చాలా మంచిది. తెలుగు మీడియం నుంచి వచ్చిన మాకు దాని విలువ తెలుసు. ఇంగ్లీషు స్క్రాబుల్‌లో పలకలు 100 ఉండాలి. అందులో 98 అక్షరాలు, 2 ఖాళీ పలకలు. వరుసకు పది చొప్పున పది వరుసలు పేర్చి ఫొటో తీయమంటే లెక్క తేలుతుంది. 'ఈ' అక్షరం 12, 'ఏ' 9, 'ఐ' 9, 'ఓ' 8 ఉండాలి. ఎక్కువగా పోయేవి ఒక్కొక్కటే ఉండే 'జె', 'కె', 'క్యూ', 'ఎక్స్', 'జెడ్'. ఒకటి రెండు పోతే అట్టముక్క మీద రాసి పెట్టుకోవచ్చు, కానీ వెనక నుంచి చూస్తే ఏదో తెలిసిపోతుంది. లూడో, వైకుంఠపాళి లాంటివి కొత్తవే చవకగా దొరుకుతాయి. వాటికి ఈ శ్రమ అక్కర్లేదు.

చూడటానికి వెళ్ళేటప్పుడు

హైస్కూలు తమ్ముళ్ళు ఈ పని సొంతంగా చేయవద్దు. వార్డెను గారికి చెప్పి, ఆయన అనుమతితో కాలేజీ అన్నయ్యలతోనో, పూర్వ విద్యార్థులతోనో చేయించండి. బాలికల హాస్టళ్ళ చెల్లెళ్ళు వార్డెను మేడంతోనో, ఇంటి పెద్దవాళ్ళతోనో తప్ప వెళ్ళవద్దు. ఎవరైనా సరే ఒంటరిగా వెళ్ళకండి. పగటిపూట ఇద్దరు ముగ్గురు కలిసి వెళ్ళండి. ఎక్కడికి వెళుతున్నారో, అమ్మేవారి నంబరు ఏమిటో హాస్టలులో ఒకరికి రాసిచ్చి వెళ్ళండి. చదరంగం సెట్టు అయితే బస్టాండు దగ్గరో, లైబ్రరీ దగ్గరో కలవచ్చు. బోర్డు కోసం ఇంటికి వెళ్ళాల్సి వస్తే వరండాలోకి తెప్పించి చూడండి. చివరి నిమిషంలో "అక్కడ కాదు, ఇంకో చోటికి రండి" అంటే తిరిగి వచ్చేయండి.

ఇక్కడ ఒక మాట ప్రత్యేకంగా చెప్పాలి. ఒకచోట మేము హాస్టలు పిల్లలమని తెలిసిన తర్వాత, అమ్మే పెద్దమనిషి ముఖం మారింది. "ముందు డబ్బు అక్కడ పెట్టండి, బోర్డు ముట్టుకోవద్దు" అన్నాడు. మేము గొడవ పడలేదు. "చూడకుండా కొనలేమండీ" అని నమస్కారం పెట్టి వచ్చేశాం. వారం తర్వాత ఇంకొక ఇంట్లో ఒక రిటైర్డు మాస్టారు మమ్మల్ని కూర్చోబెట్టి, మంచినీళ్ళిచ్చి, తానే ఒక ఆట ఆడి చూపించి బోర్డు ఇచ్చారు. మనుషులు రెండు రకాలూ ఉంటారు. తమ్ముళ్ళూ, వస్తువును పట్టుకుని చూసి కొనడం పొగరు కాదు, మన హక్కు. ఎదుటివాళ్ళు పెద్ద ఇంట్లో ఉన్నారని, ఇంగ్లీషులో మాట్లాడుతున్నారని మొహమాటపడి చూడకుండా డబ్బివ్వకండి. మొహమాటం ఖరీదు మనలాంటి వాళ్ళకు చాలా ఎక్కువ. అలాగే నచ్చకపోతే "నచ్చలేదండీ, శ్రమ ఇచ్చాం" అని మర్యాదగా చెప్పి రావడమూ నేర్చుకోవాలి.

నచ్చితే అక్కడే, బోర్డు మన చేతిలో ఉండగా డబ్బివ్వండి. తెల్లకాగితం మీద వస్తువు పేరు, మొత్తం, తేదీ రాసి అమ్మిన వారి సంతకం అడగండి. హాస్టలుకు వచ్చాక ఎవరు ఎంత వేశారు, ఎంత ఖర్చయింది, ఆటో చార్జీ ఎంత, మిగిలింది ఎంత అని రాసి నోటీసు బోర్డు మీద అంటించండి. డబ్బు వసూలుకు ఒకరు, లెక్క రాయడానికి ఇంకొకరు ఉంటే మంచిది. మిగిలింది ఐదు రూపాయలైనా లెక్కలో కనిపించాలి.

ఒకవేళ మోసపోతే?

సిగ్గుపడి దాచుకోవద్దు. అది మొదటి మాట. దాచిన ప్రతి గంటా మోసగాడికి లాభం.

వెంటనే 1930 నంబరుకు ఫోన్ చేయండి. దేశమంతటికీ సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు ఇదే. డబ్బు ఇంకా ఏదో ఒక ఖాతాలో ఉండగానే సమాచారం అందితే దాన్ని నిలిపివేసే అవకాశం ఉంటుంది. ఖాతాలు మారి నగదుగా తీసుకున్నాక కష్టం. కేంద్ర ప్రభుత్వ సైబర్‌క్రైమ్ పోర్టల్‌లో కూడా ఫిర్యాదు నమోదు చేయవచ్చు. బ్యాంకుకూ, యూపీఐ యాప్‌లోని ఫిర్యాదు విభాగానికీ చెప్పండి. చాటింగులు, ప్రకటన ఫొటో, ఫోన్ నంబరు, చెల్లింపు నంబరు చెరపకుండా దాచండి.

రిజర్వు బ్యాంకు 2017 జూలైలో ఇచ్చిన ఆదేశాల ప్రకారం, మన తప్పు గానీ బ్యాంకు తప్పు గానీ లేకుండా మన అనుమతి లేని లావాదేవీ జరిగితే, సమాచారం వచ్చిన మూడు పని దినాల్లో బ్యాంకుకు తెలిపితే ఆ నష్టం మన మీద పడదు. కానీ మనమే పిన్ కొట్టి పంపిన డబ్బు, మనమే ఓటీపీ చెప్పిన లావాదేవీ దీని కిందికి తేలికగా రాదు. అందుకే ముందు జాగ్రత్త గురించి ఇంత రాశాం. మోసం చేసిన వాడికి శిక్ష లేకపోలేదు. వేరొకరిలా నటించి కంప్యూటర్, ఫోన్ ద్వారా మోసం చేస్తే ఐటీ చట్టం 66-డి సెక్షన్ కింద మూడేళ్ళ వరకు జైలు, లక్ష రూపాయల వరకు జరిమానా ఉన్నాయి. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 318వ సెక్షన్ మోసానికి వర్తిస్తుంది.

చివరిగా

అన్నయ్యలకు ఒక మనవి. ఉద్యోగాల్లో స్థిరపడిన మీ ఇళ్ళలో ఆడేవాళ్ళు లేక మూలన పడిన బోర్డో, చదరంగం సెట్టో ఉంటే అమ్మకానికి పెట్టే ముందు ఒకసారి ఈ హాస్టలును తలుచుకోండి. మీరు ఇస్తే తమ్ముళ్ళకు ఈ వ్యాసంతో పనే ఉండదు.

తమ్ముళ్ళకు మా మాట. ఈ రోజు క్యారమ్ బోర్డు, రేపు పాత సైకిలు, ఎల్లుండి పాత ల్యాప్‌టాప్, ఇంకొన్నాళ్ళకు ఇంటి స్థలం. వస్తువు మారుతుంది గానీ కొనే పద్ధతి మారదు. మన నాన్నలు సంతలో పాటించిన వరుసనే మనం ఫోన్ పట్టుకుని పాటిద్దాం. ముందు కళ్ళు, తర్వాత చేతులు, చివర డబ్బు.

మంచి బోర్డు దొరకాలని, మన హాస్టలు జట్టు ఈసారి జిల్లా పోటీల్లో గెలవాలని కోరుకుంటున్నాం.

- పూర్వ విద్యార్థులు, పి.జి. ద్వితీయ సంవత్సరం